ఒకే పాట, రెండు రికార్డింగులు: గ్రీన్ డే మీద మా ఇంటి ప్రయోగం

ఎందుకు మొదలుపెట్టాం

ఒక బ్యాండు అండర్‌గ్రౌండ్ నుంచి బయటికి వచ్చి అందరి నోళ్లలో నానే స్థాయికి చేరినప్పుడు సంగీతంలో అసలు ఏమి మారుతుంది? దీని మీద అభిప్రాయాలకు కొదవ లేదు. ఎదిగారని కొందరు, అమ్ముడుపోయారని కొందరు. చెవితో విని తేల్చుకునే అవకాశం మాత్రం అరుదుగా దొరుకుతుంది. అమెరికా పంక్ రాక్ బ్యాండు గ్రీన్ డే విషయంలో అది ఉంది. 'వెల్‌కమ్ టు ప్యారడైజ్' అనే పాటను వాళ్లు రెండుసార్లు రికార్డు చేశారు. మొదటిది 'కెర్‌ప్లంక్' ఆల్బమ్‌లో ఉంది. 1991 చివర్లో లుకౌట్ రికార్డ్స్ అనే చిన్న సంస్థ దాన్ని విడుదల చేసింది. రెండోది 'డూకీ'లో ఉంది. పెద్ద సంగీత సంస్థ వార్నర్ గొడుగు కింద ఉన్న రిప్రైజ్ లేబుల్ (రికార్డు కంపెనీ) 1994 ఫిబ్రవరి 1న దాన్ని తెచ్చింది.

పాట అదే. వాయించిన ముగ్గురూ వాళ్లే: గిటార్, గాత్రం బిల్లీ జో ఆర్మ్‌స్ట్రాంగ్, బేస్ మైక్ డర్న్ట్, డ్రమ్స్ ట్రే కూల్. మారినవి స్టూడియో, నిర్మాత, సమయం, డబ్బు. వాళ్లు ఈ మధ్యలో చేసిన లెక్కలేనన్ని ప్రదర్శనలను కూడా కలుపుకోవాలి. ఇంతకంటే శుభ్రమైన ప్రయోగం ఎవరైనా కావాలని చేద్దామన్నా కుదరదు.

కాబట్టి ఈ పాటను మేమూ రెండుసార్లు రికార్డు చేస్తున్నాం. గిటార్, గొంతు నావి. డ్రమ్స్ మా తమ్ముడివి. బేస్ మా బావది. పాటను బయట పెట్టే ఉద్దేశం లేదు. డబ్బు ఏమి కొనగలదో, ఏమి కొనలేదో చేతులతో తెలుసుకోవాలన్నదే కోరిక.

నియమాలు

'కెర్‌ప్లంక్' వైపు రికార్డింగుకు: ముగ్గురం ఒకే గదిలో, ఒకేసారి వాయించాలి. అతికించడాలు ఉండకూడదు. ఒక సాయంత్రంలో అయిపోవాలి. వాళ్లు సరిగ్గా ఇలాగే చేశారని నేను అనడం లేదు. జేబు చిన్నదైతే చేయి ఎలా కదులుతుందో చూడటానికి మేము పెట్టుకున్న హద్దు ఇది. వాళ్ల మొదటి ఆల్బమ్ '39/స్మూత్' (1990) రికార్డింగుకు అయిన ఖర్చు 675 డాలర్లని చెబుతారు. అది, 'కెర్‌ప్లంక్' రెండూ శాన్ ఫ్రాన్సిస్కోలోని ఆర్ట్ ఆఫ్ ఇయర్స్ స్టూడియోలో, రికార్డింగ్ ఇంజనీర్ ఆండీ ఎర్న్‌స్ట్ దగ్గర తయారయ్యాయి.

'డూకీ' వైపుకు: ఏ వాయిద్యానికి ఆ వాయిద్యం విడిగా. గిటార్ రెండుసార్లు. నచ్చేదాకా మళ్లీ మళ్లీ. మిక్స్ (విడివిడి శబ్దాలను కలిపి పాటగా కూర్చడం) కూడా రెండుసార్లు చేయాలి. ఈ చివరి నియమానికి కారణం ఉంది, అక్కడికి వచ్చినప్పుడు రాస్తాను.

సరంజామా మామూలుదే. హంబకర్ (లావు మోత ఇచ్చే రెండు చుట్టల పికప్) ఉన్న గిటార్ ఒకటి, బేస్ ఒకటి, ఎలక్ట్రానిక్ డ్రమ్ కిట్, ఆడియో ఇంటర్‌ఫేస్, కంప్యూటర్. యాంప్లిఫయర్ బదులు సాఫ్ట్‌వేర్. ట్యూబ్ యాంప్లిఫయర్‌ను గట్టిగా మోగించి ఇరుగుపొరుగు వారితో తగవు పెట్టుకునే ఓపిక మాలో ఎవరికీ లేదు.

శనివారం: ఒకే గదిలో ముగ్గురం

మొదటి టేకు మొదలైన కాసేపటికే తమ్ముడు ఆపేశాడు.

"అన్నయ్యా, వినడానికి సులువుగా ఉంది కదా అని ఒప్పుకున్నాను. దీనిలో ఊపిరి తీసుకునే చోటు ఎక్కడ?"

నిజమే. కిక్ (కాలితో మోగించే పెద్ద డ్రమ్), స్నేర్ (చురుగ్గా మోగే చిన్న డ్రమ్) ఒకదాని వెంట ఒకటి పరుగెడుతూనే ఉంటాయి. ఆ పరుగు మధ్యలోనే ట్రే కూల్ టామ్స్ అనే మిగతా డ్రమ్ముల మీద చిన్న చిన్న విన్యాసాలు చొప్పిస్తాడు. అవి వేగాన్ని తగ్గించవు, ముందుకు తోస్తాయి. విన్నంతసేపూ ఇవి అల్లరిగా అనిపిస్తాయి. వాయించడానికి కూర్చుంటే అల్లరి వెనుక లెక్క ఎంత గట్టిగా ఉందో తెలుస్తుంది.

ట్రే కూల్ కథే ఒక ముచ్చట. లుకౌట్ రికార్డ్స్ స్థాపకుల్లో ఒకడైన లారీ లివర్‌మోర్, కాలిఫోర్నియాలోని మెండొసీనో కొండల్లో ఉంటూ ద లుకౌట్స్ అనే బ్యాండు నడిపేవాడు. అక్కడి పొరుగింటి కుర్రాడు ఫ్రాంక్ ఎడ్విన్ రైట్‌ను 12 ఏళ్ల వయసులో డ్రమ్స్ మీద కూర్చోబెట్టాడు. ట్రే కూల్ అని పేరు పెట్టింది కూడా ఆయనే. 1990లో గ్రీన్ డే మొదటి డ్రమ్మర్ జాన్ కిఫ్‌మేయర్ కాలేజీ చదువు కోసం వెళ్లిపోయినప్పుడు ఆ ఖాళీలోకి ట్రే వచ్చాడు. అతను వాయించిన మొదటి గ్రీన్ డే ఆల్బమ్ 'కెర్‌ప్లంక్'.

సాయంత్రం గడిచేకొద్దీ ఒక సంగతి గమనించాను. క్లిక్ (వేగం చూపే టిక్‌టిక్ శబ్దం) లేకుండా కలిసి వాయిస్తే పల్లవి దగ్గరకు రాగానే ముగ్గురం తెలియకుండానే వేగం పెంచుతున్నాం. పాట మధ్యలో గాత్రం ఆగి, వాయిద్యాలు చీకటిగా, సగం స్వరాల మీదుగా కిందికి జారే భాగం ఒకటి ఉంది. అక్కడికి చేరేసరికి బావ, నేను ఒకరి ముఖం ఒకరు చూసుకోక తప్పలేదు. ఎప్పుడు మళ్లీ పాటలోకి దూకాలో కళ్లతోనే చెప్పుకున్నాం. ఈ తడబాటు, ఈ తోపులాట రికార్డింగులో వినిపిస్తున్నాయి. అందుకే అది బాగుంది. గిటార్ పల్చగా ఉంది, కిక్ డొల్లగా ఉంది, నా గొంతు వాయిద్యాల కింద పడి నలుగుతోంది. అయినా ముగ్గురు మనుషులు ఒక గదిలో ఉన్నారని వినేవారికి తెలుస్తోంది.

తమ్ముడి తీర్పు: "ఇక రెండోది అక్కరలేదు, ఇదే చాలు."

నేను ఒప్పుకోలేదు.

ఆ గది గురించి కొంత

ఈ పాట గదిలో వాయించడానికే పుట్టిందని మాకు అనిపించింది. అలా అనిపించడంలో వింత లేదు. కాలిఫోర్నియాలోని బర్క్‌లీ పట్టణంలో 924 గిల్మన్ స్ట్రీట్ అనే గోదాము లాంటి చోట ఈ బ్యాండు పెరిగింది. 1986 డిసెంబరు 31న తెరుచుకున్న ఆ వేదికను నడిపేది స్వచ్ఛంద కార్యకర్తలే. ఏ వయసు వారైనా లోపలికి రావచ్చు. మద్యం ఉండదు, మత్తు పదార్థాలు ఉండవు, కొట్లాటలకు తావు లేదు. జాతి, లింగ వివక్షను సహించరు. బిల్లీ జో, మైక్ డర్న్ట్ అక్కడికి చేరేటప్పటికి హైస్కూలు కుర్రాళ్లు. 1987లో వాళ్ల బ్యాండు పేరు స్వీట్ చిల్డ్రన్. అదే ప్రాంతంలో స్వీట్ బేబీ అనే మరో బ్యాండు ఉండటంతో, 1989లో మొదటి రికార్డు బయటికి వచ్చే ముందు పేరు గ్రీన్ డే అయింది. పాట విషయానికి వస్తే, బిల్లీ జో ఇల్లు వదిలి వెస్ట్ ఓక్లండ్‌లోని ఒక పాత గోదాములో మరికొందరితో కలిసి ఉన్న రోజుల నుంచి పుట్టింది. కాబట్టి గోదాములో బతికిన అనుభవాన్ని గోదాములో పాడుకున్నారు.

గిల్మన్ నియమాల్లో ఒకటి ఈ కథకు మలుపు. పెద్ద లేబుళ్లతో ఒప్పందం ఉన్న బ్యాండ్లకు అక్కడ వేదిక దొరికేది కాదు. 1991లో నిర్వాణా బ్యాండు 'నెవర్‌మైండ్' సంచలనం చేసిన తర్వాత పెద్ద సంస్థలన్నీ అలాంటి మరో బ్యాండు కోసం వెతుకులాటలో పడ్డాయి. గ్రీన్ డే అప్పటికే సొంత వ్యానులో అమెరికా చుట్టి, యూరప్‌లో కూడా నెలల తరబడి వాయించి వచ్చింది. రిప్రైజ్ తరఫున నిర్మాత రాబ్ కవాలో వాళ్ల డెమో (నమూనా రికార్డింగు) విని వెంటపడ్డాడు. 1993లో సంతకం అయింది, గిల్మన్ తలుపు మూసుకుంది. మళ్లీ ఆ వేదిక మీద గ్రీన్ డే వాయించింది 2015 మేలో, అగ్నిప్రమాదంలో నష్టపోయిన ప్రచురణ, ముద్రణ సంస్థల సహాయార్థం.

ఆదివారం నుంచి: గిటార్లు

ఇక 'డూకీ' వైపు. ఎక్కువ సమయం తిన్నది ఇదే. ఎక్కువ నేర్పిందీ ఇదే.

ముందు తీగలన్నీ అర స్వరం కిందికి దించాను. 'డూకీ' మొత్తం అలాగే ఉంటుంది. తీగ కాస్త వదులైతే మోత లావెక్కుతుంది, గొంతుకూ పై స్వరాల దగ్గర కొంచెం వెసులుబాటు దొరుకుతుంది. మరీ వదులుగా గిలగిల కొట్టుకోకుండా ఒక సైజు మందమైన తీగలు వేశాను.

తర్వాత డిస్టార్షన్, అంటే గిటార్ మోతను గరగరలాడించడం. పంక్ అనగానే ఆ గరగరను పెంచే గెయిన్ నాబ్‌ను చివరిదాకా తిప్పడం చాలామందికి అలవాటు. ఒకే పవర్ కార్డ్‌ను (రెండు స్వరాలను కలిపి మోగించే కార్డు) గెయిన్ నిండా పెట్టి ఒకసారి, సగానికి తగ్గించి ఒకసారి రికార్డు చేసి పక్కపక్కన విన్నాం. నిండా పెట్టినప్పుడు గిటార్ ఒక్కదాన్నీ వింటే గంభీరంగానే ఉంది. డ్రమ్స్, బేస్ కలవగానే స్వరాల అంచులు కరిగిపోయి, మార్చిన కార్డు కూడా మార్చినట్టు తెలియడం లేదు. తగ్గించినప్పుడు పిక్ (తీగలు మీటే చిన్న ముక్క) తీగను తాకిన ప్రతి దెబ్బా విడిగా వినిపించింది. 'డూకీ' గిటార్‌లో ఉన్నది ఈ దెబ్బే. బిల్లీ జో దాదాపు అన్నీ డౌన్‌స్ట్రోకులే (పై నుంచి కిందికి కొట్టే దెబ్బలే) వాయిస్తాడు. మణికట్టు పైకి వచ్చేటప్పుడు తీగను తాకదు, కాబట్టి ప్రతి దెబ్బా ఒకే బరువుతో పడుతుంది. ఆ వేగంలో పాట పొడుగునా అలా వాయిస్తే ముంజేయి పట్టేస్తుంది. మోచేయిని వదిలేసి కేవలం మణికట్టుతో చిన్నగా కదిలించడం అలవాటైతే తప్ప చివరిదాకా చేరలేం.

అతని వాయిద్యం కూడా పెద్ద ఆడంబరమైనది కాదు. ఫెర్నాండెస్ అనే జపాన్ కంపెనీ తయారుచేసిన స్ట్రాటోకాస్టర్ నకలు, చిన్నప్పుడు అమ్మ కొనిచ్చినది. పేరు బ్లూ. బ్రిడ్జ్ (గిటార్ ఒంటి మీద తీగలు ఆనే చోటు) దగ్గర హంబకర్ వేయించుకుని, ఒళ్లంతా స్టిక్కర్లు అతికించి, అదే గిటార్‌తో గిల్మన్ నుంచి స్టేడియాల దాకా వెళ్లాడు. ఎదిగిన బ్యాండ్లలో ముందు మారేది గిటారే అనుకుంటాం. ఇక్కడ అది మారలేదు.

మరి తేడా ఎక్కడిది? డబుల్ ట్రాకింగ్ దగ్గర దొరికింది. అదే భాగాన్ని రెండుసార్లు విడివిడిగా వాయించి, ఒకదాన్ని పూర్తిగా ఎడమకు, మరొకదాన్ని పూర్తిగా కుడికి పెట్టాలి. బావకు ఇది నచ్చలేదు.

"ఒకసారి వాయించినదాన్నే కంప్యూటర్‌లో కాపీ చేస్తే సరిపోదా బావా?"

చేసి చూపించాను. కాపీ చేసినప్పుడు శబ్దం పెరిగింది అంతే, మధ్యలోనే ముద్దగా ఉండిపోయింది. విడిగా రెండుసార్లు వాయించినప్పుడు మాత్రం రెండు చేతుల మధ్య ఉండే వెంట్రుకవాసి తేడాల వల్ల గిటార్ గది వెడల్పున పరుచుకుంది. చిక్కేమిటంటే ఆ తేడా వెంట్రుకవాసే ఉండాలి. కాస్త ఎక్కువైతే ఇద్దరు గిటారిస్టులు గొడవపడుతున్నట్టు ఉంటుంది. పామ్ మ్యూట్ (అరచేతితో తీగ మోతను అణచడం) చేసే చోట్ల మరీ నిక్కచ్చిగా ఉండాలి. అరచేతి అంచును బ్రిడ్జ్ మీద ఒక గింజంత ముందుకు జరిపితే మోత చచ్చిపోతుంది, వెనక్కి జరిపితే తీగ విచ్చుకుంటుంది. రెండు టేకుల్లోనూ అరచేయి సరిగ్గా ఒకే చోట ఆనాలి.

ఇక్కడే నాకు మొదటి జవాబు దొరికింది. బర్క్‌లీలోని ఫాంటసీ స్టూడియోస్‌లో వాళ్లకు దొరికినది సుమారు మూడు వారాలు. ఆ మూడు వారాలూ కొనిపెట్టింది కొత్త శబ్దాన్ని కాదు, అదే శబ్దాన్ని మళ్లీ వాయించే వీలును. అయితే ఆ వీలు అందరికీ ఉపయోగపడదు. మళ్లీ అదే దెబ్బను అదే బరువుతో కొట్టగల చేయి ముందే ఉండాలి. ఆ చేయిని తయారు చేసింది లేబుల్ కాదు, వ్యాను ప్రయాణాలు.

బేస్

దీని మీద ఎక్కువ రాయాల్సింది లేదు, బావ నాకంటే నిలకడైనవాడు. మైక్ డర్న్ట్ పిక్‌తో వాయిస్తాడు, కాబట్టి వేళ్లతో వాయించే అలవాటును బావ పక్కన పెట్టాడు. ఒకే గిటార్ ఉన్న బ్యాండులో బేస్ కేవలం అడుగున మూలిగితే పాట బోలుగా ఉంటుంది. అందుకే మధ్య స్థాయి శబ్దాన్ని పెంచి, గిటార్లను రెండు పక్కలకు తోసి, నడిమధ్య చోటంతా బేస్‌కు ఇచ్చాం. ఇంతకుముందు చెప్పిన ఆ చీకటి భాగం ఇప్పుడు మొదటిసారి నిజంగా భయపెట్టింది. 'కెర్‌ప్లంక్'లో ఆ భాగం ఒక విరామంలా సాగితే, 'డూకీ'లో ఉత్కంఠ పేరుకుని పగులుతుంది. పాట నిడివి కూడా 3 నిమిషాల 30 సెకన్ల నుంచి 3 నిమిషాల 44 సెకన్లకు పెరిగింది. రేడియో కోసం పాటల్ని కత్తిరించుకున్నారని తిట్టేవారు ఈ 14 సెకన్లకు ఏమి జవాబు చెబుతారో తెలుసుకోవాలని ఉంది.

గొంతు

రెండు రోజుల్లో ఆల్బమ్ గాత్రమంతా ముగించాడట బిల్లీ జో. నాకు ఒక్క పాటకే అంతకంటే ఎక్కువ పట్టింది. ఇక దీని గురించి నన్ను ఏమీ అడగవద్దు.

మిక్స్, మళ్లీ మిక్స్

'డూకీ'ని మొదట మిక్స్ చేసినప్పుడు బ్యాండుకు నచ్చలేదు. వాళ్లకు కావలసినది పొడి శబ్దం. సెక్స్ పిస్టల్స్ బ్యాండు ఆల్బమ్‌లా, బ్లాక్ సబాత్ బ్యాండు తొలి రికార్డుల్లా, ప్రతిధ్వని లేకుండా చెవి పక్కనే మోగాలి. కవాలో కూడా ఒప్పుకున్నాడు. మిక్సింగ్ ఇంజనీర్ జెర్రీ ఫిన్‌తో కలిసి మళ్లీ మిక్స్ చేశారు. లుకౌట్ రోజుల్లో ఇలాంటి వెసులుబాటు కలలో మాట.

అందుకే మాదీ రెండుసార్లు. మొదటి మిక్స్‌లో స్నేర్‌కు, గొంతుకు హాలు ప్రతిధ్వని పెట్టాను. వినగానే ఖరీదైనదిగా ఉంది, పెద్దదిగా ఉంది. కానీ ఈ వేగంలో ఒక దెబ్బ తోక తెగకముందే మరో దెబ్బ పడుతుంది. తోకలన్నీ ఒకదాని మీద ఒకటి పడి పాట వెనక్కి వెళ్లిపోతోంది. రెండో మిక్స్‌లో ప్రతిధ్వని మొత్తం తీసేశాను. గొంతును కంప్రెసర్‌తో (శబ్దంలో హెచ్చుతగ్గులను సమం చేసే సాధనం) ముందుకు లాగి, స్నేర్‌ను పొట్టిగా, గట్టిగా ఉంచాను. పాట చిన్నదవుతుందేమో అనుకుంటే ముఖం మీదికి వచ్చింది.

నాకు ఆశ్చర్యం కలిగించింది ఇది: పెద్ద లేబుల్ డబ్బుతో చేసిన చివరి పని, పాటను మళ్లీ చిన్న గదిలోకి తీసుకురావడం. హంగులు చేర్చడానికి కాదు, హంగులు తీసేయడానికి రెండోసారి ఖర్చు పెట్టారు. సాదాగా వినిపించడం చవక అనుకునేవారు ఒకసారి ఈ పని చేసి చూడాలి.

వాదన

రెండు రికార్డింగులనూ వరుసగా వేసి ముగ్గురం విన్నాం. తమ్ముడు శనివారం నాటి దానికే కట్టుబడ్డాడు. రెండోదానిలో తను బాగా వాయించానని ఒప్పుకుంటూనే, "అది నేను కాదు, నాలో మంచి ముక్కలన్నీ ఏరి పెట్టిన ఇంకెవరో" అన్నాడు. గిల్మన్ తలుపు మూయడం నూటికి నూరుపాళ్లూ న్యాయమేనని కూడా వాదించాడు. పెద్ద లేబుల్ లేకుండా జనంలోకి వెళ్లలేరా అంటే, అదే 1994 ఏప్రిల్‌లో ద ఆఫ్‌స్ప్రింగ్ బ్యాండు 'స్మాష్' ఆల్బమ్‌ను ఎపిటాఫ్ అనే స్వతంత్ర సంస్థ నుంచే తెచ్చి లక్షల్లో అమ్మిందని గుర్తు చేశాడు. ఆ మాటకు నా దగ్గర సూటి జవాబు లేదు.

నా వాదన వేరు. గిల్మన్ తన నియమాన్ని తాను పాటించింది, దానిలో తప్పు పట్టను. కానీ ఆ నియమం ఒప్పంద పత్రాన్ని చూస్తుంది, పాటను వినదు. ఈ రెండు రికార్డింగులనూ చేసిన తర్వాత పాట అమ్ముడుపోయిందని మాత్రం అనలేను. 1991లోనే పాట పూర్తయి ఉంది. ఒక్క మాట, ఒక్క కార్డు మెత్తబడలేదు. 1994లో ప్రదర్శనలకు బయలుదేరినప్పుడు కూడా, పాత సంచార గ్రంథాలయ వాహనం ఒకదాన్ని బస్సుగా మార్చుకుని, ట్రే తండ్రి డ్రైవరుగా, ప్యాన్సీ డివిజన్ అనే గే పంక్ బ్యాండును తమ ముందు వాయించడానికి వెంటబెట్టుకుని వెళ్లారు. సర్దుకుపోవాలనుకునేవారు చేసే పని కాదు అది.

ఆ తర్వాతి ఉప్పెన వాళ్ల చేతుల్లో లేదు. తాము ఉంటున్న ఇంటి నేలమాళిగలో తీసిన 'లాంగ్‌వ్యూ' ('డూకీ'లోని మరో పాట) వీడియోను ఎంటీవీ తిప్పి తిప్పి వేసింది. ఆగస్టులో ఉడ్‌స్టాక్ సంగీతోత్సవ వేదిక మీద జనంతో బురద యుద్ధం జరిగింది. ఆ రభసలో వేదిక ఎక్కిన అభిమాని అనుకుని భద్రతా సిబ్బంది మైక్ డర్న్ట్‌ను పడగొడితే పళ్లు దెబ్బతిన్నాయి. మరుసటి ఏడాది గ్రామీ వచ్చింది. 1999 నాటికి 'డూకీ'కి అమెరికాలో కోటి ప్రతుల గుర్తింపు దక్కింది. 2024లో ఆ దేశపు జాతీయ రికార్డింగ్ రిజిస్ట్రీలో చేరింది.

తమ్ముడు ఊరుకోలేదు. "చిన్న సంస్థను వదిలి వెళ్లారు కదా" అన్నాడు. అయితే లుకౌట్ దగ్గర పాత రికార్డులు అలాగే ఉంచారు. 'డూకీ' విని వెనక్కి వెళ్లి 'కెర్‌ప్లంక్' కొన్నవారి డబ్బుతో ఆ సంస్థ ఏళ్ల తరబడి నడిచింది. రాయల్టీలు అందకపోవడంతో 2005లో గాని గ్రీన్ డే ఆ హక్కులను వెనక్కి తీసుకోలేదు. బావ ఈ మాట విని, "అయితే పెద్ద కంపెనీ కంటే చిన్న కంపెనీయే ఎగ్గొట్టిందన్నమాట" అని నవ్వాడు. తమ్ముడు ముఖం మాడ్చుకున్నాడు.

ప్రస్తుత స్థితి

రెండు ఫైళ్లూ సిద్ధం. శనివారం నాటి దానిని అసలు ముట్టుకోను, తమ్ముడి షరతు అది. రెండోదానిలో పల్లవి దగ్గర కుడివైపు గిటార్ ఒకచోట తొందరపడుతోంది, ఆ నాలుగు తాళావర్తాలు మళ్లీ వాయించాలి. తర్వాత 'లాంగ్‌వ్యూ' బేస్ మొదలుపెడతాం. అది పరుగెత్తే పాట కాదు, ఊగే పాట. స్వింగ్ సరిగ్గా పడకపోతే బద్ధకం బదులు నిద్ర వినిపిస్తుంది. బావ ఇప్పటికే సాధన మొదలుపెట్టాడు, తమ్ముడు మాత్రం ఈసారి క్లిక్ లేకుండానే వాయిస్తానని ముందే చెప్పేశాడు.